నల్లగుడ్డు మీద పాకే ఎర్ర నాళాలు: కారణాలు, చికిత్స

(చింతలపూడిలో పాల సంఘాల కార్యదర్శులకు, పాలకవర్గ సభ్యులకు, పాడి రైతులకు జరిగిన శిక్షణ తరగతిలో ఒక సహకార ఇన్‌స్పెక్టరు చేసిన ప్రసంగ పాఠం)



ఇన్‌స్పెక్టరు వచ్చాడంటే క్యాష్ బుక్కు, స్టాకు రిజిస్టరు, ఆడిట్ అభ్యంతరాలు తప్ప వేరే మాట ఉండదని మీరు అనుకుంటారు. అది సహజమే. మేము చదివినది సహకార డిప్లొమా, వైద్యం కాదు. అయినా ఈ తరగతిలో కంటి గురించి మాట్లాడమని నిర్వాహకులు కోరగా ఒప్పుకున్నాము. ఈ ప్రాంతంలో సంఘాలు తిరిగేటప్పుడు కొట్టంలో ఒక కన్ను తెల్లబడిన గేదె, అరుగు మీద ఒక కన్ను తెల్లబడిన మనిషి కనబడని ఊరు తక్కువ. "కంట్లో పువ్వు వేసింది" అని చెప్పి ఊరుకుంటారు. ఎందుకు వేసింది, ఆపడానికి వీలుండేదా అని అడిగేవారు లేరు. కంటి డాక్టర్లను, పశువైద్యులను అడిగి తెలుసుకొన్నవి, పుస్తకాలలో చదివినవి మీ ముందు ఉంచుతాము. మందు రాసిచ్చే అధికారం మాకు లేదు. ఏ మందు వేయకూడదో మాత్రం గట్టిగానే చెబుతాము.

ముందుగా కన్ను నిర్మాణం కొంచెం తెలియాలి. మనం నల్లగుడ్డు అనేది నిజానికి నలుపు కాదు. గడియారం ముల్లుల మీద అద్దం ఉన్నట్లు, కనుపాప ముందు ఒక పారదర్శకమైన పొర ఉంటుంది. దానిని కార్నియా అంటారు. మధ్యభాగంలో దాని మందం సుమారు అర మిల్లీమీటరు. లోపలి రంగు దాని గుండా కనిపించి మనకు నల్లగా తోస్తుంది. శరీరంలో ఎక్కడ గీరినా రక్తం వస్తుంది గదా, ఈ అద్దంలో మాత్రం ఒక్క రక్తనాళం కూడా ఉండదు. దానికి ప్రాణవాయువు ఎక్కువగా బయటి గాలి నుండి, కన్నీటి ద్వారా అందుతుంది. ఆహారం కంటి లోపల ఉండే నీరు నుండి అందుతుంది. నాళాలు ఉంటే వెలుతురు సూటిగా లోపలికి పోదు. అందుకే ప్రకృతి ఈ ఏర్పాటు చేసింది.

చుట్టూ తెల్లగుడ్డు నిండా రక్తనాళాలే ఉండగా, అవి నల్లగుడ్డు మీదికి ఎందుకు పాకవు? ఇందుకు రెండు కాపలాలు ఉన్నవి. మొదటిది గట్టు. నల్లగుడ్డు, తెల్లగుడ్డు కలిసే చోట చుట్టూ సన్నని అంచు ఉంటుంది. అక్కడ ఉండే మూలకణాలు జీవితాంతం కొత్త కణాలను పుట్టించి అద్దం పైపొరను నింపుతూ ఉంటాయి. కొల్లేరు వైపు చేపల చెరువులు ఉన్నవారికి వేరే చెప్పనక్కరలేదు. గట్టు బాగున్నంతకాలం అవతలి నీరు ఇవతలికి రాదు. గట్టు తెగితే తెల్లగుడ్డు మీది పొర, నాళాలతో సహా అద్దం మీదికి పాకివస్తుంది.

రెండవ కాపలా రసాయనికమైనది. శరీరంలో రక్తనాళాలను "పెరుగు" అని పిలిచే ఒక ప్రోటీను ఉన్నది. కార్నియా ఆ ప్రోటీనును పట్టి కట్టివేసే మరొక పదార్థాన్ని తనలో ఉంచుకుంటుంది. ఈ సంగతిని 2006లో అమెరికాలో అంబటి బాలమురళీకృష్ణ అనే కంటి డాక్టరు, ఆయన సహచరులు కనుగొని ప్రకటించారు. 1995లో 17 ఏళ్లకే వైద్య పట్టా పుచ్చుకొని గిన్నిస్ పుస్తకానికెక్కిన అంబటి ఈయనే. ఆ పరిశోధనలో ఒక వింత బయటపడింది. సముద్రపు ఆవు అని పిలిచే మనాటీ అనే నీటి జంతువు కార్నియాలో ఆ కట్టివేసే పదార్థం లేదు. దాని నల్లగుడ్డులో పుట్టుకతోనే నాళాలు ఉంటాయి. పాలు పితికే ఆవు కాదు లెండి, పేరు మాత్రమే.

ఇక ఈ కాపలాలు ఎలా తెగుతాయి? మన వృత్తికి దగ్గరైన కారణాలతో మొదలుపెడతాము. అన్నిటికన్నా చెడ్డది సున్నం.

కొట్టాలకు వెల్ల వేస్తాము. చేపల చెరువు ఎండగట్టి సున్నం చల్లుతారు. తాంబూలానికి సున్నం పొట్లాలు కొని ఇంట్లో పడేస్తాము. పిల్లలు ఆ పొట్లాన్ని పిసికితే పగిలి నేరుగా కంట్లో చిందుతుంది. మన దేశంలో పిల్లల కళ్లు ఈ విధంగా కాలిపోవడం కంటి ఆసుపత్రులవారు పదే పదే చూస్తున్న విషయం. ఆమ్లం పడితే పై పొర గడ్డకట్టి, చాలాసార్లు అదే లోపలి భాగానికి అడ్డుగా నిలుస్తుంది. సున్నం, కాస్టిక్ సోడా వంటి క్షారాలు అలా కాదు; కొవ్వును సబ్బుగా మార్చుకుంటూ లోపలికి దిగుతూనే ఉంటాయి. గట్టు మీది మూలకణాలు చచ్చిపోతాయి. కొన్ని వారాలకు ఎర్ర నాళాలు చుట్టుప్రక్కల నుండి లోపలికి పాకి, అద్దం మీద మాంసపు పొర పరుస్తాయి.

మన పాల కేంద్రంలో ఏమున్నది? క్యాన్లు కడిగే సోడా ఉన్నది. యంత్రాలు వచ్చిన తర్వాత కూడా కొన్ని చోట్ల జెర్బర్ పరీక్ష చేస్తూనే ఉన్నారు. పది మిల్లీలీటర్ల గాఢ గంధకామ్లం, పాలు, ఎమైల్ ఆల్కహాలు పోసి బిరడా బిగించి ఊపినప్పుడు గొట్టం ఎంత వేడెక్కుతుందో టెస్టర్లకు తెలుసు. బిరడా వదులుగా ఉంటే ఎగిరిపోతుంది. మేము తనిఖీకి వెళ్లిన ఒక సంఘంలో ఇదే జరిగింది. ఉదయం పాలు పోసేవారు వరుసలో ఉన్నారు. బిరడా ఎగిరి, లోపలిదంతా కుర్రవాని ముఖాన పడింది. ఒకరు వెన్న రాయమన్నారు, ఒకరు పెరుగు వేయమన్నారు, ఒకామె చనుబాలు పిండిస్తానని పరుగెత్తింది. కార్యదర్శి ఎవరి మాటా వినలేదు. కుర్రవాని మెడ పట్టుకొని పంపు క్రింద పెట్టి, రెప్పలు వేళ్లతో విప్పి పట్టి, వాడు అరుస్తున్నా అరగంట వదలలేదు. తర్వాతే ఆటో ఎక్కించారు. ఆ కుర్రవాడు ఈనాటికీ అదే కంటితో లెడ్జరు రాస్తున్నాడు. దీనికి ఎదురు సంగతి కూడా చెప్పాలి. చెరువు పనికి వెళ్లిన ఒక కూలీకి కంట్లో సున్నం పడితే ఆముదం పోసి పడుకోబెట్టారు, తెల్లారి చూద్దామన్నారు. తెల్లారేసరికి చేయగలిగింది పెద్దగా మిగలలేదు.

కనుక ఇది గుర్తుంచుకోండి. సున్నం గాని, ఆమ్లం గాని, సోడా గాని కంట్లో పడితే మొదటి మందు నీళ్లే. సున్నపు పలుకులు కంటబడితే శుభ్రమైన తడిగుడ్డ కొసతో తీసివేస్తూ, ధారగా నీళ్లు పోయాలి. సున్నానికి నీళ్లు తగిలితే ఉడుకుతుందని చాలామంది భయపడి ఆగిపోతారు. చెంబెడు నీళ్లతో ఆపితే ఆ భయం కొంత నిజమే గాని, ధారగా పోస్తున్నప్పుడు ఆ వేడి నిలవదు. అరగంటకు తగ్గకుండా పోయాలి. పై రెప్ప క్రింద దాగిన పలుకులు ఉంటాయి, రెప్ప తిప్పి కడగాలి. డాక్టరు దగ్గరకు పోయేది ఆ తర్వాత. చింతలపూడి నుండి ఏలూరు చేరేసరికి ఎంతసేపు పడుతుందో మీకు తెలుసు. కడగకుండా బస్సెక్కితే అంతసేపూ ఆ సున్నం కంటిని తింటూనే ఉంటుంది.

రెండవ కారణం దెబ్బ. పాలు పితికేటప్పుడు గేదె తోక కంటికి కొట్టడం చిన్న సంగతిగా తీసుకుంటాము. తోకకు పేడ ఉంటుంది. కుప్ప నూర్చేటప్పుడు వడ్ల నూగు, గడ్డి కోసేటప్పుడు ఆకు అంచు, మొక్కజొన్న ఆకు, మెట్టలో ఆయిల్‌పామ్ మట్టల ముళ్లు, ఇవన్నీ కార్నియాను గీరుతాయి. ఆ గీతలో బూజు జాతి సూక్ష్మజీవులు గాని బాక్టీరియా గాని చేరితే పుండు అవుతుంది. పచ్చగడ్డి, వడ్ల వల్ల అయిన పుండులో బూజు ఎక్కువ. దానికి నాటామైసిన్ అనే చుక్కల మందు వాడతారు. జున్ను గడ్డలకు బూజు పట్టకుండా పైన పూసేది కూడా ఇదే మందు. పాల పరిశ్రమలో ఉన్నవారికి ఈ చుట్టరికం తెలిస్తే సరదాగా ఉంటుందని చెబుతున్నాము. పుండు మానడానికి శరీరం నాళాలను లోపలికి పంపుతుంది. పుండు మానుతుంది గాని ఆ దారి, ఆ మచ్చ మిగులుతాయి. ఎంత త్వరగా వైద్యం జరిగితే మచ్చ అంత చిన్నది.

ఇక్కడే ఒక పెద్ద తప్పు జరుగుతూ ఉంటుంది. కన్ను ఎర్రబడగానే మందుల షాపుకు వెళ్లి "ఎరుపు తగ్గే చుక్కలు" అడుగుతారు. అందులో స్టెరాయిడ్ ఉండవచ్చు. రెండు రోజులు ఎరుపు తగ్గి హాయిగా ఉంటుంది, లోపల బూజు మాత్రం మేత దొరికిన పశువులా పెరుగుతుంది. అదే స్టెరాయిడ్, పుండు లేని కంట్లో పాకే నాళాలను అణచడానికి డాక్టర్లు వాడే మొదటి మందు కూడా. ఎప్పుడు మేలు చేస్తుందో, ఎప్పుడు చెరుపు చేస్తుందో సూక్ష్మదర్శిని వంటి యంత్రంలో కన్ను చూసినవారే చెప్పగలరు. పసరు మందులు, పొగాకు రసం, ఉప్పు నమిలి ఊదడం సంగతి వేరే చెప్పనక్కరలేదు. పెద్దలు చేశారు కదా అంటారు. ఆ పెద్దలలో ఎందరికి ఒక కన్నే ఉండేదో కూడా లెక్కవేయండి.

వైరస్ వల్ల వచ్చే హెర్పిస్ పుండు మళ్లీ మళ్లీ తిరగబెట్టి నాళాలను రప్పిస్తుంది. కాంటాక్టు కటకాలు రాత్రింబగళ్లు తీయకుండా పెట్టుకుంటే గాలి అందక నాళాలు వస్తాయి. మన పిల్లలు పట్నాలలో చదువుతున్నారు గనుక చెబుతున్నాము. కొందరికి సల్ఫా మాత్రలు, మూర్ఛ మాత్రలు పడక ఒళ్లంతా బొబ్బలెక్కి, కళ్లు కూడా ఈ విధంగా పాడవుతాయి. ట్రకోమా అనే అంటు రోగం పూర్వం ఉత్తర భారతంలో లక్షల కళ్లకు పై అంచు నుండి నాళాల తెర దింపింది. ప్రజారోగ్య సమస్యగా అది మన దేశంలో తొలగిపోయినట్లు 2024లో ప్రపంచ ఆరోగ్య సంస్థ గుర్తించింది. ముక్కు వైపు నుండి మూడు మూలల ఆకారంలో కండ పెరిగి నల్లగుడ్డు మీదికి రావడం వేరే జబ్బు. ఎండకు, గాలికి, దుమ్ముకు ఎక్కువగా తిరిగేవారికి వస్తుంది. అది కూడా చూపించుకోవలసినదే గాని భయపడవలసినది కాదు.

పోషకాహారం సంగతి కొంచెం కటువుగా చెబుతాము, ఏమీ అనుకోవద్దు. 'ఏ' విటమిను లోపిస్తే పిల్లలకు రేచీకటి, తర్వాత కన్ను పొడిబారడం, చివరకు నల్లగుడ్డు మెత్తబడి కరిగిపోవడం జరుగుతాయి. హైదరాబాదులోని జాతీయ పోషకాహార సంస్థ పరిశోధనల ఆధారంగానే 1970లో దేశమంతటా పిల్లలకు ఆరునెలలకొకసారి ఈ విటమిను మందు పోసే పథకం మొదలైంది. ఈనాడు కన్ను కరిగిపోయే స్థితి అరుదు. కాని మేము చూస్తున్నదేమంటే, రెండు పూటలా పాలన్నీ కేంద్రానికి పోసి, ఇంట్లో చంటిపిల్లకు నీళ్ల మజ్జిగ పోసే ఇళ్లు ఇంకా ఉన్నవి. 'ఏ' విటమిను వెన్నతో ఉంటుంది; వెన్న తీస్తే పోతుంది. మజ్జిగలోనూ, విరిగిన పాల తేటలోనూ ఆకుపచ్చగా మెరిసేది 'బి2' విటమిను. దానిని పూర్తిగా తీసివేసిన మేత పెట్టిన ఎలుకల కార్నియాలోకి నాళాలు పాకినట్లు శాస్త్రజ్ఞులు చాలాకాలం క్రితమే చూశారు. సంఘం సేకరణ పెరగాలని కోరే ఉద్యోగమే మాది. అయినా పిల్ల వంతు గ్లాసెడు పాలు తీసి మిగిలినవి పోయండి. మునగాకు, తోటకూర, బొప్పాయి పెరట్లోనే ఉంటాయి.

ఇప్పుడు చికిత్స. కారణాన్ని తొలగించడం మొదటిది. కొత్తగా పాకుతున్న నాళాలకు చుక్కల మందులు, నాళాలను పెంచే ప్రోటీనును అడ్డుకునే ఇంజెక్షను, లేసరుతోనో సన్నని విద్యుత్ సూదితోనో నాళాన్ని మాడ్చడం వంటివి ఉన్నవి. పాతబడి గట్టిపడిన నాళాలకు ఇవి అంతగా పనిచేయవు. మరి కన్ను మార్చడం? ఒకరి కార్నియా తీసి వేరొకరికి పెట్టే ఆపరేషను మొదట విజయవంతమైనది 1905 డిసెంబరులో, నేటి చెక్ దేశంలోని ఒలోమౌట్స్ పట్టణంలో. చేసినవారు ఎడ్వర్డ్ జిర్మ్ అనే డాక్టరు. రోగి ఎవరనుకున్నారు? రెండు కళ్లలో సున్నం పడి చూపు పోయిన ఒక కూలీ. రెండు కళ్లకు పెడితే ఒకటి నిలిచింది. ఆ మనిషి మళ్లీ పనిలోకి వెళ్లాడు.

అయితే నాళాలు నిండుగా పాకిన కంటికి కార్నియా మారిస్తే తరచు నిలవదు. రక్తం ద్వారా శరీరం దానిని పరాయిదిగా గుర్తుపట్టి త్రోసివేస్తుంది. గట్టు తెగిన చెరువులో కొత్త నీరు పెట్టినట్లే. ముందు గట్టు వేయాలి. ఈ గట్టు వేసే పనిలో ప్రపంచానికి దారి చూపినవారు మనవారే. హైదరాబాదులో ఎల్.వి. ప్రసాద్ కంటి ఆసుపత్రి 1987లో డాక్టర్ గుళ్ళపల్లి నాగేశ్వరరావు గారి ఆధ్వర్యాన మొదలైంది. ఆ పేరు గల ప్రసాద్ గారు ఏలూరు దగ్గర సోమవరప్పాడులో పుట్టిన మనిషి. షావుకారు, మిస్సమ్మ తీసిన దర్శకుడు. వారి కుటుంబం స్థలము, ధనము ఇవ్వగా ఆ సంస్థకు ఆయన పేరు పెట్టారు. అక్కడ డాక్టర్ వీరేందర్ సంగ్వాన్, ఆయన తోటివారు 2001 నుండి బాగున్న కంటి అంచులోని మూలకణాలను ప్రయోగశాలలో పెంచి, పాడైన కంటికి అతికించసాగారు. ఖర్చు ఎక్కువ, ప్రయోగశాల కావాలి. తర్వాత ఇంకా సులువైన పద్ధతి కనిపెట్టి 2012లో ప్రచురించారు. బాగున్న కంటి అంచు నుండి సుమారు రెండు మిల్లీమీటర్ల ముక్క తీస్తారు. పాడైన కంటి మీది నాళాల పొరను ఒలిచి, కాన్పులో వచ్చే మాయలోని పలుచని పొరను పరుస్తారు. ఆ చిన్న ముక్కను ఇంకా చిన్న చిన్న ముక్కలు చేసి నారు నాటినట్లు దాని మీద అతికిస్తారు. ఒక్కొక్క ముక్క చుట్టూ కణాలు పెరిగి కలుసుకుంటాయి. ప్రయోగశాల అక్కరలేదు, ఒకే ఆపరేషను. 125 మందికి చేసిన ఫలితాలు 2016లో వెలువడ్డాయి; నలుగురిలో ముగ్గురికి కన్ను నిలబడింది. ఒక కన్నైనా బాగుంటేనే ఇది సులువు. రెండూ పోతే బంధువు కంటి నుండి తీసుకోవాలి, శరీరం త్రోసివేయకుండా మందులు మింగాలి. ఇదే సంస్థవారి ఆసుపత్రి విజయవాడ ప్రక్కన తాడిగడపలో కూడా ఉన్నది. ఇచ్చుకోలేనివారికి అక్కడ ఉచితంగా చూస్తారు. కన్ను పోయి పదేళ్లయిందని ఊరుకున్న మనిషి మీ ఊరిలో ఉంటే ఒకసారి చూపించండి.

చివరగా పశువు కన్ను. ఈగలు ముసిరే రోజుల్లో ఆవులకు, దూడలకు కన్ను నీరు కారి, వెలుతురు చూడలేక మూసుకొని, రెండు మూడు రోజుల్లో నల్లగుడ్డు మధ్య తెల్ల చుక్క లేస్తుంది. ఇది మొరాక్సెల్లా అనే బాక్టీరియా వల్ల వచ్చే అంటు జబ్బు, ఈగలే మోస్తాయి. తర్వాత అంచు నుండి ఎర్ర నాళాలు, రోజుకు సుమారు ఒక మిల్లీమీటరు చొప్పున, పుండు వైపు వస్తాయి. రైతు అది చూసి కన్ను పగిలిందని హడలిపోతాడు. పశువైద్యుడు మాత్రం మానుడు మొదలైందని సంతోషిస్తాడు. మానిన తర్వాత ఆ నాళాలు చాలావరకు వట్టిపోతాయి, చిన్న మచ్చ మిగులుతుంది. ఆ పశువును విడిగా నీడలో కట్టి, ఈగలు లేకుండా చూసి, మొదటి రోజే పశువైద్యశాలకు తీసుకువెళ్లాలి. కంట్లో తెల్లని దారంలాంటి పురుగులు కదిలితే అది వేరే జబ్బు, అది కూడా ఈగల వల్లనే. వాటిని డాక్టరు చేత తీయించాలి. నెలల తరబడి ఎండుగడ్డి తప్ప పచ్చిమేత ఎరుగని పశువుకు పుట్టిన దూడలు చీకట్లో తట్టుకుంటుంటే 'ఏ' విటమిను లోపమేమోనని అనుమానించండి.

ఈ జబ్బుకు టెట్రాసైక్లిన్ జాతి ఇంజెక్షను ఇస్తే అది పాలలోకి దిగుతుంది. ఎన్ని రోజులు పోయకూడదో డాక్టరును అడిగి, చీటీ మీద రాయించుకొని కార్యదర్శికి చూపండి. అన్ని రోజులూ ఆ పాలు క్యాను ముఖం చూడకూడదు. ఒక్క ఇంటి పాలు కలిస్తే క్యాను మొత్తంలో పెరుగు తోడుకోదు; తాగినవారికి కూడా మంచిది కాదు. ఆ నాలుగు రోజుల నష్టం రైతుకు బరువే, మాకు తెలియక కాదు. సాధారణ నిధి నుండి ఏమైనా సాయం చేయవచ్చునేమో పాలకవర్గంలో చర్చించండి. తీర్మానం పంపితే పరిశీలించి మా సిఫారసు రాస్తాము.

ఇంకొక్క మాట. ఆమ్లం సీసా ఉన్న ప్రతి పాల కేంద్రంలో దాని ప్రక్కనే మూత ఉన్న బకెట్టు నిండా మంచినీళ్లు, ఒక మగ్గు, టెస్టరుకు కళ్లజోడు ఉండాలి. ఆమ్లం గాని పాలు గాని నోటితో పీల్చి కొలవవద్దు. బిరడా బిగించేటప్పుడు గొట్టానికి గుడ్డ చుట్టి, మూతిని ముఖానికి దూరంగా త్రిప్పి పట్టుకోవాలి. కళ్లజోడు ఖర్చు పాల కేంద్రం ఖర్చుల పద్దులో రాయండి, అభ్యంతరం పెట్టము. వచ్చే తనిఖీలో స్టాకు రిజిస్టరుతో పాటు ఆ బకెట్టును కూడా చూస్తాము. ఇక ప్రశ్నలు ఉంటే అడగవచ్చు.